మాటలో సగం

నా చిన్నప్పుడు మా ఇంటికి రోజూ సాయంత్రం ఒక కొత్త ఇంగ్లీషు మాట వచ్చేది. దాన్ని వెంటబెట్టుకొచ్చేది మా చిన్నాయన. ఆయన వరంగల్లో తంతి ఆఫీసులో గుమాస్తా. పగలంతా ఆయన చేతుల మీదుగా పోయే తంతుల్లో ఉండేవన్నీ పిసినారి మాటలే. 'తల్లికి బాగాలేదు, బయలుదేరు', 'సరుకు అందింది', 'ఆడపిల్ల, క్షేమం'. మాటకింతని రుసుము గనక జనం ఒక్క మాట కూడా ఎక్కువ రాయించేవారు కాదు. అవే చూసి చూసి ఆయనకు ఎవరూ వాడని మాటల మీద మోజు పుట్టిందేమోనని ఇప్పుడు అనిపిస్తుంది.

ఆయన దగ్గర అట్టలు ఊడిపోయిన లావుపాటి డిక్షనరీ ఒకటుండేది. సైకిలు గోడకానించి, కాళ్ళు కడుక్కుని, మా అమ్మ ఇచ్చిన చాయ్ పట్టుకుని అరుగు మీద కూర్చునేవాడు. ఆ రోజు మాటను ముందు మెల్లగా, తర్వాత మామూలుగా పలికేవాడు. ఎట్లా పలకాలో డిక్షనరీలో గుర్తులుంటాయి. ఆ గుర్తులు చదవడం ఆయనకు కాలేజీలో ఒక లెక్చరరు నేర్పారట. రేడియోలో ఇంగ్లీషు వార్తలు వచ్చే వేళకు చెవి ఆనించి కూర్చుని తన పలుకు సరిచూసుకునేవాడు. పలకడం అయ్యాక అర్థం చెప్పేవాడు. ఆకలికి కడుపు గుడగుడమంటే దానికి కూడా ఇంగ్లీషులో ఒక మాట ఉందని, అది 'బోర్బరిగ్మస్' అని తెలిసిన రోజున నేను వంటింట్లోకి పరుగెత్తి, "అమ్మా, బోర్బరిగ్మస్" అన్నాను. మా అమ్మ గరిటె ఆపకుండానే, "గదేదో మీ చిన్నాయననే వండిపెట్టమను, తిను" అంది.

ఆ మాటలకు ఇంట్లో గిరాకీ నేనొక్కదాన్నే. మా నాన్నకు బట్టల దుకాణం తప్ప వేరే లోకం లేదు. అమ్మకు ఆ మాటలంటే నవ్వులాట. అందుకే ఆ అరుగు, ఆ డిక్షనరీ, ఆ సాయంత్రపు అరగంట నావి అనుకునేదాన్ని. దుకాణానికి కొత్త సంవత్సరంలో వచ్చే డైరీని మా నాన్న నాకిచ్చేవాడు. అందులో ముందు వాన పడిందా ఎండ కాసిందా రాసేదాన్ని, తర్వాత చిన్నాయన చెప్పిన మాట, దాని అర్థం, ఆ తర్వాతే మిగతా సంగతులు. ఆ వరస ఇప్పటికీ మార్చలేదు. మాట స్థానంలో వేరే సంగతులు చేరాయి, అంతే.

అర్థాలు నాకు బాగా ఎక్కేవి. ఒకసారి వింటే చాలు, దానికి మా వాడకట్టులోంచే ఒక పోలిక వెతికి పెట్టుకునేదాన్ని. పలకడమే వచ్చేది కాదు. అక్షరాలు కళ్ళకు కనపడ్డాక వాటిని వదిలిపెట్టడం నా నాలుకకు చేతకాలేదు. రాసినవన్నీ పలికేదాన్ని. చిన్నాయన "మల్ల ఒక్కసారి అను" అనేవాడు. మళ్ళీ అనేదాన్ని. మళ్ళీ తప్పే. ఆయన విసుక్కునేవాడు కాదు, డిక్షనరీ మూసి నవ్వేవాడు. అది కూడా నాకు బాగానే ఉండేది.

నేను ఎనిమిదో తరగతికి వచ్చిన ఏడు పక్కింట్లోకి ఒక పిల్ల వచ్చింది. ఆ ఇంటావిడకు మేనకోడలు. నెక్కొండ దగ్గర పల్లెలో వాళ్ళకు చిన్న చేను ఉంది. హైస్కూలు చదువు కోసం రైలెక్కించి అత్త దగ్గరికి పంపారు. మా బడిలోనే, మా తరగతిలోనే చేరింది. ఆమెకు మంచి పేరే ఉంది గాని, బడిలో అందరూ నెక్కొండ పిల్ల అనే పిలిచేవారు. నేనూ అట్లాగే అనేదాన్ని.

ఒక సాయంత్రం ఆమె చేటలో బియ్యం ఏరుకుంటూ వాళ్ళ మెట్టు మీద కూర్చుంది. చిన్నాయన మా అరుగు మీద ఆ రోజు మాట పలికాడు. 'డీఫెనిస్ట్రేషన్'. మనిషినో వస్తువునో కిటికీలోంచి బయటకు విసిరేయడం. నేను నోరు తెరిచేలోపల మెట్టు మీది నుంచి అదే మాట వచ్చింది, చిన్నాయన గొంతులో ఎట్లా ఉందో అట్లాగే, ఎత్తాల్సిన చోట ఎత్తి, దించాల్సిన చోట దించి. ఆ పిల్ల తలెత్తను కూడా లేదు. రాయి ఒకటి ఏరి పారేస్తూ, "గింత పనికి ఒక మాట వెట్టుకున్నరా కాకా వాళ్ళు?" అని అడిగింది.

చిన్నాయన చాయ్ కింద పెట్టాడు. "మల్ల ఒక్కసారి అను బిడ్డా" అన్నాడు.

ఆ మాట నాకు బాగా తెలిసిన మాట. నాతో ఎన్నోసార్లు అన్నాడు. కాని నాతో అన్నప్పుడల్లా నేను తప్పు పలికినందుకు అన్నాడు. ఆమెతో అన్నది మళ్ళీ వినాలని. ఆ తేడా ఆ క్షణమే నా చెవికి తెలిసింది. ఆమె మళ్ళీ పలికింది. ఆయన కళ్ళు మూసుకుని విన్నాడు. చాయ్ మీద మీగడ కట్టింది. ఆ రోజు డైరీలో 'పొద్దున మబ్బు, సాయంత్రం చిరుజల్లు' అని మాత్రం రాసి మూసేశాను.

మరునాటి నుంచి ఆమె మెట్టు మీద కాక మా అరుగు మీదే కూర్చోవడం మొదలుపెట్టింది. అర్థం ఆమెకు అంతగా పట్టేది కాదు. తెల్లారేసరికి మరిచిపోయేది. మాట మాత్రం నోట్లో ఉండిపోయేది. గిన్నెలు తోముతూ, జడ వేసుకుంటూ, వాటిని పాటలాగా వరసగా అంటుండేది. చిన్నాయన ఆఫీసు నుంచి రాగానే ముందు మా ఇంటి వైపు చూసేవాడు. ఇప్పుడు పక్కింటి వైపు చూసి ఆ తర్వాత మా ఇంటి వైపు చూస్తున్నాడని నాకు తోచింది. నిజంగా చూశాడో, నేనే అట్లా అనుకున్నానో తెలియదు. నాకు మాత్రం కడుపులో ఎప్పుడూ ఒక మంట. ఆమె జడ బిగువుగా ఉందని మంట, ఆమెకు మా అమ్మ రెండో జొన్నరొట్టె వేసిందని మంట. తరగతిలో ఆమె లెక్క తప్పితే ఆ పూట అన్నం బాగా సయించేది. ఇంగ్లీషులో ఇన్ని వింత మాటలున్నాయి గదా, దీనికి కూడా ఒకటి ఉండే ఉంటుందని, అది చిన్నాయనను అడగాలని అనిపించేది. అడగలేదు.

ఆ వానాకాలమే మా బడికి ఒక కాగితం వచ్చింది. హనుమకొండలో బడులన్నిటికీ కలిపి ఇంగ్లీషు మాటల పోటీ. కష్టమైన మాటలను సరిగ్గా పలకాలి, అర్థం చెప్పాలి. ఒక్కో బడి నుంచి ఒక్కరే. మా చిన్నాయన పిచ్చి గురించి తెలిసిన హెడ్‌మాస్టరమ్మ ఆయనకు కబురంపింది: మీ అరుగు మీద ఇద్దరున్నారట, ఒకరిని తయారు చేసి పంపండి, పేరు మీరే చెప్పండి అని.

నాకు అప్పటికి లోకంలో వేరే కోరిక లేదు. పోటీలో గెలవాలని కూడా కాదు. చిన్నాయన నోటి నుంచి నా పేరు రావాలి. ఆయన దగ్గర కూర్చుని నేర్చుకున్నది నేనని, ఆమె మెట్టు మీది నుంచి ఏరుకున్నదని అందరికీ తెలియాలి.

చిన్నాయన పేరు చెప్పలేదు. ఇద్దరినీ కూర్చోబెట్టి, "మాటకు రెండు పాళ్ళు. ఒకటి నోటిది, ఒకటి బుద్ధిది" అన్నాడు. ఆ రోజు నుంచి ఆమెకు మాట పలకడం మాత్రమే నేర్పుతాడు, అర్థం చెప్పడు. నాకు అర్థం మాత్రమే చెప్తాడు, ఆ మాట ఏదో చెప్పడు. ఆమెను డాబా మీదికి పిలుచుకుపోయి నేర్పేటప్పుడు నేను కిందుండాలి. నాకు చెప్పేటప్పుడు ఆమె వాళ్ళింట్లో ఉండాలి. డిక్షనరీ ఆయన పెట్టెలోకి పోయింది. పోటీకి ముందు వచ్చే ఆదివారం ఇద్దరినీ అడుగుతాడు. మాట మొత్తంగా తెలిసిన వాళ్ళలోంచి ఒకరి పేరు పంపుతాడు.

"ఇద్దరికి తెల్వకపోతే?" అని నేనడిగాను.

"మీ బడి నుంచి ఎవ్వరు లేరని హెడ్‌మాస్టరమ్మకు జెప్త" అన్నాడు చిన్నాయన, వాన పడేట్టుంది అన్నంత మామూలుగా.

అట్లా మొదలైంది. నా దగ్గర అర్థాలు పోగవుతున్నాయి, ఒక్కదానికీ పేరు లేదు. తుమ్మడం అనే పనికి ఏదో మాట ఉంది. లేచి చేసేంత బలం లేని కోరికకు ఒక మాట. పొద్దుటి ఫలహారానికి సంబంధించినదానికి ఒక మాట. గాలికి ఆకులో జనమో గుసగుసలాడినట్టుండే చప్పుడుకు ఒక మాట. ఆమె దగ్గర పేర్లు పోగవుతున్నాయి, అవి దేనివో ఆమెకు తెలియదు. గోడ అవతల ఆమె గిన్నెలు తోముతూ పాడుతుంటే అన్నీ వినపడేవి. స్టర్న్యుటేషన్, వెలీయిటీ, జెంటాక్యులర్, స్యూసరస్. ఏది దేనిదో నేను పోల్చుకోలేకపోయేదాన్ని. వెలీయిటీ అంటే తుమ్మే అయి ఉంటుందని కొన్నాళ్ళు గట్టిగా నమ్మాను.

అడిగితే పోయేది. కాని అడిగితే నా దగ్గరున్నది ఆమెకు ఇవ్వాలి. ఇస్తే ఆమె దగ్గర మాట మొత్తం అవుతుంది, పలకడం ఎట్లాగూ నాకంటే బాగా వచ్చు, ఆమే పోతుంది. ఇవ్వకపోతే ఇద్దరం పోము. ఆమె పోవడం కంటే ఇద్దరం పోకపోవడమే నయమని నేను తేల్చుకున్నాను. అప్పటికి నాకు అది చాలా న్యాయంగా తోచిన లెక్క.

ఆదివారం దగ్గర పడుతున్న రోజుల్లో ఒక పొద్దున మా వీధి నల్లా దగ్గర నా బిందె వెనకే ఆమె బిందె వచ్చింది. నీళ్ళు సన్నగా వస్తున్నాయి. మాట ఆమే మొదలుపెట్టింది.

"మా బాపుకు ఒక్కటే ఎద్దున్నది" అంది.

నేను నీళ్ళ వైపే చూస్తూ, "అయితే?" అన్నాను.

"పక్క చేను పెద్దనాయనకు గూడ ఒక్కటే. ఒంటెద్దు తోటి నాగలి నడుస్తదా? అందుకే ఇద్దరు పొత్తు కలిసిన్రు. ఒకరోజు మా చేను దున్నుతరు, ఒకరోజు ఆయన చేను. నీ దగ్గరొక ఎద్దు, నా దగ్గరొక ఎద్దు. మనం రెండిటిని కట్టేసి గడ్డి మేపుతాన్నం."

నవ్వు రాబోయింది, ఆపుకున్నాను. "నువ్వు నాకు తప్పు పలకడం నేర్పితే? నాకెట్ల తెలుస్తది?"

"నువ్వు నాకు తప్పు అర్థం జెప్తే నాకెట్ల దెలుస్తది?" అని ఆమె బిందె ముందుకు జరిపింది. "పొత్తు ఎద్దును ఎవడన్న ఎండబెడ్తడా పిల్లా? రేపు మన చేన్ల నడవాల్సింది గూడ అదే గదా."

నా వెనక క్యూలో ఉన్న ఒకావిడ, "ఎడ్ల బేరం తర్వాత జేసుకోండ్రి గని, బిందె నిండింది జూస్కోండ్రి" అని కసిరింది.

నేను వెంటనే ఒప్పుకోలేదు. ఆ రోజంతా ఆమె మాటలో మోసం ఎక్కడుందా అని వెతికాను. దొరకలేదు. దొరకనందుకు కూడా కోపం వచ్చింది. మరునాడు బడికి పోయే దారిలో, ఆమె ముఖం చూడకుండా, "తుమ్ముడు" అన్నాను. ఆమె ఒక్క క్షణం ఆగి, "ఎన్నోది?" అంది. చిన్నాయన ఇద్దరికీ ఒకే వరసలో చెప్పాడని అప్పుడు తెలిసింది. ఎన్నోదో చెప్పాను. వేళ్ళు మడిచి లెక్కబెట్టుకుని, "అయితే స్టర్న్యుటేషన్" అంది. అట్లా నా అర్థాలకు ఒక్కొక్కటిగా పేర్లు వచ్చాయి.

నా నాలుకను ఆమె దారికి తెచ్చిన తీరు నాకిప్పటికీ ఆశ్చర్యమే. కాగితం మీద రాయనిచ్చేది కాదు. నీళ్ళ బిందెను తలకిందులుగా బోర్లించి దాని మీద వేళ్ళతో దరువు వేసేది. ఇంగ్లీషు మాటలో ఒక చోట గొంతు గట్టిగా పడాలి, మిగతా చోట్ల తేలిపోవాలి. గట్టిగా పడే చోట బిందె మీద అరచెయ్యి పడేది. "స్టర్న్యు, మెల్లగ. టే, గిక్కడ కొట్టు. షన్, ఇడిసిపెట్టు" అనేది. రెండు మూడు రోజులకు నా చెయ్యి కూడా ఆ చోటే పడటం నేర్చుకుంది, చేతి వెనక నాలుక పోయింది. నేను ఆమెకు అర్థాలు మరిచిపోకుండా పోలికలు చెప్పాను. స్టర్న్యుటేషన్ అంటే మిర్చి బస్తాలు దింపేనాడు మా వాడకట్టంతా చేసే పని. వెలీయిటీ అంటే పొద్దున్నే లేచి చదువుకోవాలనుకుని దుప్పటి ఇంకాస్త పైకి లాక్కునే పిల్ల మనసులోది. స్యూసరస్ చెప్పబోతే ఆమే ఆపి, "ఇది మా వరి చేను గాలికి జేసేదే" అంది. అది నా పోలిక కంటే బాగుంది. బాగున్నందుకు మళ్ళీ కాస్త మంట.

ఆదివారం చిన్నాయన పెట్టెలోంచి డిక్షనరీ తీసి ఇద్దరినీ అడిగాడు. ఆమెను అర్థాలు, నన్ను పలకడం. ఇద్దరం అన్నీ చెప్పాం. ఆయన ముఖంలో సంతోషం దాగలేదు. ఇక నా పేరు వస్తుందనుకున్నాను. నేను దిద్దుకున్నంత ఆమె దిద్దుకోలేదు గదా. ఆయన చాలాసేపు డిక్షనరీ పుటలు సవరిస్తూ కూర్చుని, ఆమె పేరు చెప్పాడు. నా వైపు తిరిగి, "ఆమెకు నీ కంటె ఎక్కువ తెలుసని గాదు బిడ్డా. సభల ముందుగాల వినవడేది నోరు" అన్నాడు.

లోపలికి పోయి బియ్యం డబ్బా వెనక కూర్చున్నాను. నల్లా దగ్గర చెప్పిన ఆ పొత్తు సంగతి గుర్తొచ్చి ఒళ్ళు మండింది. రెండు ఎడ్లు కట్టి దున్నాం, పంట మాత్రం ఒక్క చేనులో వచ్చింది.

పోటీ రోజున నేను పోనన్నాను. మా అమ్మ, "నువ్వు గూడ పో. ఇంట్ల ఉంటె నా పానం దింటవ్" అని తలకు నూనె రాసి పంపింది. బస్సులో హనుమకొండ పోయాం. ఒక కాలేజీ హాలు. ముందు వరసలో చిన్నాయన, ఆయన పక్కన నేను. పోటీ మొదలుపెడుతూ, ఎవరి జవాబు వాళ్ళే చెప్పాలి, ఇంకొకరి సాయం ఉండకూడదు అని వేదిక మీది పెద్దమనిషి చదివాడు.

నెక్కొండ పిల్ల వంతు వచ్చింది. ఆమెకు అత్త తన గాజులు వేసి పంపింది, అవి మోచేతి దాకా జారుతున్నాయి. మొదటి మాటలు ఆమె పలికిన తీరుకు హాలు నిశ్శబ్దమైపోయింది. చిన్నాయన పెదవులు ఆమెతో పాటే కదులుతున్నాయి. నేను ఆయన పెదవులనే చూస్తున్నాను. నా కోసం అవి ఎప్పుడైనా అట్లా కదిలాయా అని.

తర్వాత 'స్టర్న్యుటేషన్' వచ్చింది. చక్కగా పలికింది. అర్థం చెప్పింది. ఊరుకోకుండా మిర్చి బస్తాల సంగతి కూడా కలిపింది. మిర్చి మార్కెట్టున్న వరంగల్ వాళ్ళం గదా, హాలంతా నవ్వింది. నా మాటకు అంతమంది నవ్వడం నేను అప్పుడే విన్నాను. న్యాయనిర్ణేతల్లో ఒకాయన నవ్వుతూనే, "ఈ అర్థం ఏ పుస్తకంలో చదివావమ్మా?" అని అడిగాడు.

"పుస్తకంల లేదు సార్. గా పిల్ల చెప్పింది" అని ఆమె నన్ను చూపించింది.

హాలు మొత్తం నా వైపు తిరిగింది. ఆయన నవ్వు ఆగిపోయింది. కింద నుంచి నేను ఇప్పుడే అందించానని ఆయన అనుకున్నట్టున్నాడు. పక్కాయనతో ఏదో మాట్లాడాడు. చిన్నాయన లేచి నిలబడి ఏదో చెప్పబోయాడు, కూర్చోమన్నారు. వాళ్ళలో పెద్దావిడ ఒకావిడ ఆమెతో మెత్తగానే అంది: "అమ్మాయీ, బాగా ఆలోచించి చెప్పు. ఈ అర్థం నువ్వు నేర్చుకున్నదేనా?" తప్పించుకోవడానికి ఆవిడే దారి చూపించింది. ఔనంటే చాలు. ఔననడం అబద్ధం కూడా కాదు.

నెక్కొండ పిల్ల గాజులు పైకి తోసుకుంది. "నోటిది నాది మేడమ్. అర్థాలు మాత్రం అన్ని ఆమెవే" అంది. ఆ తర్వాత వచ్చిన ప్రతి మాటకూ అంతే. మాట పలికేది, అర్థం చెప్పేది, "ఇది గూడ ఆమెదే సార్" అనేది. ఒక్క స్యూసరస్‌కు మాత్రం, "ఇది నాది" అంది.

పలికినందుకు ఆమెకు ఇచ్చినన్ని మార్కులు ఎవరికీ ఇవ్వలేదు. అర్థాలకు, ఆ ఒక్కటి తప్ప, ఏమీ ఇవ్వలేదు. బహుమతి వేరే బడికి పోయింది.

అప్పుడు నాకు సంతోషం కలగాలి. కలిగింది కూడా. ఆమె ఓడిందని నా లోపల ఏదో గంతేసింది, నిజమే. కాని ఆ సంతోషాన్ని ఎక్కడ పెట్టుకోవాలో నాకు తెలియలేదు. ఎందుకంటే ఆమె ఓడింది నా పేరు దాచనందుకు. చిన్నాయన నోట రావాలని ఇన్నాళ్ళు నేను కోరుకున్నదాన్ని ఆమె అంత సభలో, తన మార్కులు పోతున్నా, తన నోటితో ఇచ్చేసింది. ఆ నోటిని చూసే గదా నేను ఇన్నాళ్ళు రగిలిపోయింది.

తిరుగు బస్సులో ముగ్గురం ఒకే సీటులో ఇరుక్కుని కూర్చున్నాం. ఆమె కిటికీ వైపు తిరిగింది. గాజులు తీసి ఒడిలో పెట్టుకుంది. తర్వాత, "నేను తప్పు జెప్పిన్నా కాకా?" అని అడిగింది.

చిన్నాయన, "లేదు బిడ్డా. వాళ్ళకు పొత్తు లెక్క తెల్వది" అన్నాడు. అంటే మా నల్లా బేరం ఆయనకు ముందే తెలుసు. ఆ వీధిలో ఎవరి మాటా ఎవరికీ తెలియకుండా ఉండదు.

"ఔనంటే అయిపోతుండె గదా" అన్నాను నేను.

ఆమె నన్ను వింతగా చూసింది. "పొత్తుల దున్నిన చేన్ల నిలవడి ఎడ్లు రెండు నాయే అన్నోని తోటి మల్ల ఎవ్వలన్న పొత్తు కలుస్తరా?" అంది. ఆమెకు అది మంచితనం కాదు. వ్యవసాయం. రేపు కూడా దున్నాల్సి ఉంది కాబట్టి అట్లా చెప్పాలి, అంతే. అందుకే నాకు ఆ మాట అంత లోతుగా దిగింది. దయ చూపించి ఉంటే ఆ దయ మీద కూడా నేను కుళ్ళుకునేదాన్ని.

బస్సు మా చౌరస్తాలో ఆగింది. దిగి ఇంటి వైపు నడుస్తుండగా నేను ధైర్యం చేసి, "చిన్నాయనా, రేపటి నుంచి మాట మొత్తం ఇద్దరికి ఒక్కసారే చెప్పు. పోటీ అయిపోయింది గదా" అన్నాను.

"చెప్ప" అన్నాడు ఆయన. "ఇట్లనే మంచిగున్నది."

అన్నట్టే చేశాడు. మేం పదో తరగతి దాటేదాకా ఆమెకు నోటి పాలు, నాకు బుద్ధి పాలు. కొన్ని నెలలకొకసారి అటూ ఇటూ మార్చేవాడు, నాకు పలకడం, ఆమెకు అర్థం. అప్పుడు నేను బిందె బోర్లించేదాన్ని, ఆమె పోలికలు వెతికేది. ఆమె పోలికలు ఎక్కువగా వాళ్ళ ఊరి చేల నుంచి వచ్చేవి. పది పాసయ్యాక వాళ్ళ వాళ్ళు ఆమెను నెక్కొండ తీసుకుపోయారు. కొన్నేళ్ళు ఉత్తరాలు నడిచాయి, తర్వాత ఆగిపోయాయి. చిన్నాయన కూడా ఇప్పుడు లేడు.

ఆ రోజుతో నాలో ఈర్ష్య పోయిందని రాస్తే అది అబద్ధమవుతుంది. ఉద్యోగం చేసినన్నాళ్ళూ ఉంది. ఆఫీసులో నా పక్క కుర్చీలో కూర్చున్నామె డ్రాఫ్టు రాస్తే పై అధికారి ఒక్క అక్షరం కొట్టేసేవాడు కాదు. నాది ఎర్రగా తిరిగొచ్చేది. వారం రోజులు ఆమెతో చాయ్ తాగడం మానేశాను. వారం తర్వాత పాత ఫైళ్ళు వెతికే నా పద్ధతి ఆమెకు చూపించి, డ్రాఫ్టు ఎట్లా మొదలుపెడతావో చెప్పమన్నాను. అప్పటి నుంచి ఇద్దరం కలిసే రాసేవాళ్ళం. ఎవరైనా మెచ్చుకుంటే మొదటి వాక్యం ఆమెది అని చెప్పేదాన్ని. చెప్పకుండా ఉండాలని ప్రతిసారీ అనిపించేది. ప్రతిసారీ చెప్పేదాన్ని.

రిటైరయి ఇన్నేళ్ళయినా అంతే. ఈ ఎండాకాలం మా కాలనీలోకి కొత్తగా దిగినావిడ పెట్టిన మామిడికాయ తొక్కు నా తొక్కు కంటే బాగుందని నా ముందే నలుగురు అన్నారు. రెండు మూడు రోజులు ఆవిడ గుమ్మం ముందు నుంచి నడవకుండా చుట్టు తిరిగి పాల ప్యాకెట్టుకు పోయాను. డైరీలో ఎండ సంగతి తప్ప ఏమీ రాయలేదు. అట్లా ఎండ ఒక్కటే మిగిలిన పేజీ కనపడితే, ఇక లేవాలని నాకు తెలుసు. నాలుగో రోజు పొద్దున నా తొక్కు చిన్న గిన్నెలో వేసుకుని ఆవిడ తలుపు కొట్టాను. ఆవపిండి నేను ఎంత వేస్తానో, ఎందుకు వేస్తానో ముందు నేనే చెప్పాను. ఆ తర్వాత, మీ దాంట్లో ఉన్నది నా దాంట్లో లేనిది ఏమిటమ్మా అని అడిగాను.